ఎక్కినవాడిదే పూచీ

ఈ కథలో మనుషులు లేరు. కాబట్టి అబద్ధాలు కూడా ఉండవనుకుంటే అది మీ మంచితనం.

కాకిగుట్ట కింద మా జంతువుల పల్లె. నీళ్లకు వాగు, నీడకు తుమ్మచెట్లు, తగాదాలకు బురదగుంట, అన్నీ అందుబాటులోనే ఉన్నాయి. లేనిదల్లా ఉప్పు. అది గుట్టకు అవతల ఉప్పునేలలో ఉంది. పక్షానికోసారి వెళ్లి ఆ తెల్లటి చవుడు మట్టి నాకి రాకపోతే మేకలకు తిన్నది అరగదు, గొర్రెలకు ఉన్ని నిలవదు, గాడిదకు గొంతు లేవదు. గాడిదకు గొంతు లేవకపోవడం పల్లెకు మంచిదే గాని, మిగతా రెండూ కష్టం.

గుట్ట మీది దారి ఏటవాలు, అడుగడుగునా రాళ్లు. ముసలివాళ్లు, పొట్టి కాళ్లవాళ్లు, ఏ కారణమూ లేకుండా బద్ధకించేవాళ్లు ఆ దారి ఎక్కలేక అవస్థపడేవారు. అలాంటి పల్లె పొలిమేరలో ఒక రోజు పొద్దున ఒంటెద్దు బండి కనబడింది. ఏ మనుషులు వదిలేశారో, ఎందుకు వదిలేశారో ఎవరూ అడగలేదు. దాన్ని మొదట చూసినవాడు నక్క. నక్క మొదట చూసిన వస్తువు నక్కదే అవుతుంది. ఇది మా పల్లెలో చట్టం కాదు, అలవాటు.

ఆ నక్క పేరు జంపయ్య. బండి దొరికింది గాని లాగేవాడు కావాలి గనక నేరుగా ఎద్దు కోటిలింగం దగ్గరికి వెళ్లాడు. కోటిలింగం ఎంత నెమ్మదస్తుడంటే, వీపు మీద ఈగ వాలితే తోక ఊపే ముందు దానికేం పనిబడి వచ్చిందో ఆలోచిస్తాడు.

"కోటిలింగం బావా, మనిద్దరం కలిసి బండి నడుపుదాం. లాగడం నీ వంతు, ఆలోచించడం నా వంతు."

"రెంటిలో ఏది బరువు?"

"ఆలోచించడమే బావా. అందుకే అది నేను తీసుకున్నాను."

"పాపం," అని కోటిలింగం మెడ వంచాడు.

బండెక్కేవాళ్లు తినేది ఏదో ఒకటి తెచ్చి జంపయ్య ముందు పెట్టాలి. అదే కిరాయి. కోళ్లు మొదట్లో జంకాయి. "బండెక్కిన కోడి నాకు తోడబుట్టిన చెల్లెలు" అని జంపయ్య వాగు నీళ్లలో నిలబడి ఒట్టు వేశాడు. దిగిన కోడి ఏమవుతుందని ఎవరూ అడగలేదు. అడిగితే బండి పోతుంది.

మొదటి పక్షం బాగానే నడిచింది. రెండో పక్షం జంపయ్య బాతును తీసుకెళ్లి ముళ్లపంది పక్కన కూర్చోబెట్టాడు. రాయి తగిలి బండి ఎగిరినప్పుడల్లా ముళ్లపంది "క్షమించాలి" అనేది, బాతు "అమ్మో" అనేది. ఉప్పునేల చేరేసరికి ముళ్లపంది నలభైసార్లు క్షమాపణ చెప్పింది. బాతు కుడిపక్క జల్లెడైంది.

"ఎక్కడ ఎవరిని కూర్చోబెట్టాలో చూసుకోవద్దా?" అని బాతు తగువుకు దిగింది.

"నువ్వు చూసి కూర్చోవద్దా?" అన్నాడు జంపయ్య.

అన్నాడు గాని, ఆ సాయంత్రమంతా ఆలోచించాడు. ఆలోచించడం తన వంతే కదా. ఇలా ఒక్కొక్కరూ వచ్చి అడగడం మొదలుపెడితే జవాబులు చెప్పుకోవడంతోనే తెల్లారిపోతుంది. అడగకముందే జవాబు చెప్పేసేది ఏదైనా బండికి తగిలించాలి. వెంటనే ఒక చెక్క పలక చూసిపెట్టి వడ్రంగిపిట్టను పిలిపించాడు.

వడ్రంగిపిట్టకు చెక్కడమూ వచ్చు, అక్షరాలూ వచ్చు. అందుకని దానికి పొగరూ వచ్చింది.

"అక్షరానికి ఒక పురుగు," అంది వడ్రంగిపిట్ట. "ఒత్తు ఉంటే ఇంకొకటి. పురుగులు నువ్వే తవ్వి తేవాలి."

"సరే, చెక్కు. ‘ఈ బండి ఎక్కిన ప్రయాణికులదే సకల పూచీ, తోలేవాడికి ఎటువంటి సంబంధమూ లేదు.’"

వడ్రంగిపిట్ట పలక వైపు, జంపయ్య గోళ్ల వైపు చూసింది. "రెండు రోజుల తవ్వకం ఉంది."

"అంతెందుకు? సంబంధం గురించి ఉన్నదంతా తీసెయ్. సకల కూడా తీసెయ్."

"ప్రయాణికులు ఉన్నారు. ‘ప్ర’ కింద ఒత్తుంది."

"ఎక్కేది ప్రయాణికులు కాక మా తాతా? అదీ తీసెయ్. ‘ఎక్కినవాడిదే పూచీ’ అని చెక్కు, చాలు."

"‘ఎక్కిన’లో కూడా ఒత్తుంది."

"అది తీసేస్తే ఏమవుతుంది?"

"‘ఎకినవాడు’ అవుతుంది. నా పరువు పోతుంది."

"సరే, ఆ ఒక్కటి ఉంచు," అని జంపయ్య ముప్పై నాలుగు పురుగులు తవ్వాల్సినవాడు తొమ్మిదింటితో బయటపడ్డాడు. పలక బండి వెనక వేలాడింది. చదువు వచ్చినవాళ్లు చదివి భయపడ్డారు, రానివాళ్లు చూసి భయపడ్డారు. బాతు ఆ తర్వాతి పక్షం నుంచి దెబ్బలు తగిలినా నోరు మూసుకుని కూర్చుంది.

వైశాఖం వచ్చింది. కింద గడ్డి మాడిపోయింది. ఏటా ఈ రోజుల్లో మందలన్నీ గుట్ట నెత్తికి వెళ్లిపోతాయి. వానలు పడేదాకా అక్కడ పచ్చిక ఉంటుంది. ఎక్కలేనివాళ్లు కిందే మిగిలిపోతారు. మిగిలినవాళ్లను తోడేలు చూసుకుంటుంది. బాగానే చూసుకుంటుంది కాబోలు, ఇంతవరకు ఒక్కరూ తిరిగొచ్చి ఫిర్యాదు చేయలేదు.

మంద కదలడానికి ఇంకా నాలుగు రోజులుందనగా ముసలి మేక ముత్తెమ్మ ఉప్పు నాకి వద్దామని బండెక్కింది. ముత్తెమ్మకు కాళ్లు బాగానే ఉన్నాయి, నోరు ఇంకా బాగుంది.

"నడిచి పోలేవా అత్తా?" అన్నాడు జంపయ్య, ఆమె తెచ్చిన రేగువడియం నాలుక కింద పెట్టుకుని.

"పోగలను. కాళ్లను గుట్టెక్కే రోజుకు దాచుకుంటున్నాను. నాలుగు రోజుల తర్వాత నన్ను మోసేది నువ్వా?"

ఆ రోజు బండిలో చుక్కల కోడిపెట్ట, ముళ్లపంది, బాతు, రెండు గొర్రెలు, అందరికంటే చివరన ముత్తెమ్మ. గొర్రెలు రెండెందుకంటే, ఒకటి ఎక్కింది గనక.

ఇక్కడ మీకొక సంగతి చెప్పాలి. ఒంటెద్దు బండి తక్కెడ లాంటిది. ఎగువకు పోయేటప్పుడు బరువు ముందుండాలి, దిగువకు పోయేటప్పుడు వెనకుండాలి. చేయి తిరిగిన బండివాడు ఎక్కుడు రాగానే "ముందుకు జరగండమ్మా" అని కేకేస్తాడు. తాను ఎద్దు వెనక, దానికి రెండు పక్కలా ముందుకు చాచి ఉండే నొగకర్రల మీదికి వంగి, బండి ముందు భాగాన్ని అదిమిపెట్టి కూర్చుంటాడు. కోటిలింగం ఈ మాట మొదటి రోజే చెప్పాడు. "ఆలోచించడం నా వంతు" అని జంపయ్య అతని నోరు మూయించాడు.

ఎక్కుడు వచ్చింది. జంపయ్య ఎవరినీ జరగమనలేదు. సగం గుట్ట ఎక్కేసరికి దారి పక్కన ఈతచెట్టు కనబడింది. ఎర్రగా పండిన గెల ఒకటి నక్కకు అందేంత కిందికి వేలాడుతోంది. అంత కిందికి వేలాడటం దాని తప్పే అని జంపయ్య తర్వాత చాలామందితో అన్నాడు. పగ్గాలు నొగకు చుట్టాడు. చప్పుడు కాకుండా దూకాడు. పేరుకు తగ్గవాడు.

నక్క బరువెంత ఉంటుందంటారా? తక్కెడ మొగ్గడానికి గురిగింజ చాలు. బండి ముందు భాగం గాలిలోకి లేచింది. నొగలు ఆకాశం చూశాయి. మెడకు కట్టిన పట్టీ కోటిలింగం గొంతుకు బిగిసింది. వెనకవాళ్లంతా జారారు. మొదట ముత్తెమ్మ కింద పడింది. ఆమె మీద గొర్రె పడింది. మొదటి గొర్రె పడింది కదా అని రెండోది పడింది. తర్వాత బాతు, తర్వాత కోడి, అందరి మీదా ముళ్లపంది. ముళ్లపంది పడ్డాక అందరూ చాలా త్వరగా లేచారు.

ముత్తెమ్మ లేవలేదు. ఆమె కుడి ముందరి కాలు మోకాలి కింద ఇంకో వైపుకు తిరిగి ఉంది.

పొదల వెనక నుంచి జంపయ్య పరిగెత్తుకొచ్చాడు. "ఏమైంది? ఎవరు కదిలారు?"

"బండి కదిలింది," అంది ముత్తెమ్మ పళ్లు బిగబట్టి. "నువ్వెక్కడ కదులుతున్నావురా? మూతికి ఆ ఎరుపేమిటి?"

"కుంకుమ అత్తా. పొద్దున దండం పెట్టుకున్నాను."

"మూతికి పెట్టుకుంటావా బొట్టు?"

"భక్తి ఎక్కువైతే జారుతుంది."

చుక్కల కోడి రెక్కలు దులుపుకుని "నాకేం కాలేదు" అంది. బాతు "నాకూ ఏం కాలేదు, ఉన్నవి పాత చిల్లులే" అంది. గొర్రెలు ఒకదాన్ని చూసి ఒకటి తమకేం కాలేదని తెలుసుకున్నాయి.

"నాకయింది," అంది ముత్తెమ్మ.

"అత్తా, వెనక పలక చదివావా?"

"నాకు చదువు రాదు."

"మరి తప్పెవరిది?" అన్నాడు జంపయ్య, ఎంతో జాలిగా.

ఆమెను ఎలాగో పల్లెకు చేర్చారు. కాలికి వెదురు బద్దలు కట్టారు. కొంగ వచ్చి చూసి, వానలు పడేలోగా అతుక్కుంటుందని చెప్పింది. ఒంటికాలి మీద బతుకు గడిపే కొంగ మాట మీద కాలి సంగతుల్లో పల్లెకు గురి ఎక్కువ. అయితే మంద కదిలేది మూడు రోజుల్లో. తోడేలుకు ఆ సంగతి అప్పుడే తెలిసినట్టుంది, వాగు అవతల ఒడ్డున కూర్చుని పళ్లు కుట్టుకుంటోంది.

"బండి మీద నన్ను గుట్ట నెత్తికి చేర్చు," అని ముత్తెమ్మ కబురంపింది. "కాలు అతుక్కునేదాకా నాలుగు ఆకులు అందించు. అంతే అడుగుతున్నాను."

"కుంటికాలు బండెక్కితే శకునం మంచిది కాదు," అని జంపయ్య తిరుగు కబురంపాడు.

దాంతో పంచాయితీ పెట్టారు.

మా పల్లెలో తీర్పులు చెప్పేది దున్నపోతు సమ్మయ్య. ఆయన గుంటలో పీకల్లోతు పడుకుని ఉంటాడు. ఎవరొచ్చి ఏం మొత్తుకున్నా దున్నపోతు మీద వాన కురిసినట్టే. పక్షపాతం లేకపోవడమంటే ఇదేనని పల్లె నమ్మి ఆయన్ను పెద్దను చేసింది. ఆయన కూడా నమ్మాడు.

పొద్దెక్కేసరికి గుంట చుట్టూ అందరూ చేరారు. ముత్తెమ్మను గడ్డి మీద పడుకోబెట్టారు. ఆమె జరిగిందంతా చెప్పింది.

"వాడు నొగల మీద లేడు పెద్దయ్యా. ఈతపండ్లకు పోయాడు."

"వెనక్కి తిరిగి కూర్చున్న అత్తకు ముందున్న నేను కనబడ్డానా?" అన్నాడు జంపయ్య. "పెద్దయ్యా, నేను నొగల మీదే ఉన్నాను. పగ్గాలు చేతిలోనే ఉన్నాయి. ‘పట్టుకోండి, పట్టుకోండి’ అని మూడుసార్లు అరిచాను."

"పట్టుకోవడానికి నీ బండికి చువ్వ ఉందా, తాడుందా? గాలి పట్టుకోమంటావా?"

"చూశారా, అరిచినట్టు ఒప్పుకుంది! ఇంకో మాట. ఆ గుట్టను నేను పెట్టానా? ఆ ఎక్కుడు నేను పోశానా? కిరాయి ఉప్పునేల దాకా తీసుకున్నాను, సగం దారిలో పడింది. మిగతా సగం తిరిగివ్వమన్నా ఇచ్చేవాణ్ణే, తినేశాను గాబట్టి ఆగాను. అన్నిటికీ మించి పలక ఉంది."

సమ్మయ్య ఒక కన్ను తెరిచాడు. "బండిలో ఉన్నవాళ్లేమంటారు?"

చుక్కల కోడి ముందుకొచ్చింది. జంపయ్య ఆమె వైపు చూసి చెల్లెల్ని చూసినట్టు నవ్వాడు. "నేను అప్పుడే రెప్ప వేశాను పెద్దయ్యా," అంది కోడి. "ఆ రెప్పపాటులోనే అంతా జరిగిపోయింది."

"నువ్వు?"

"నేను బాతును," అంది బాతు. "బాతుకేం తెలుస్తుంది?"

"మీరు?"

"ఆమె ఏం చూస్తే నేనదే చూశాను," అంది మొదటి గొర్రె. రెండోది తల ఊపింది.

ముళ్లపంది "క్షమించాలి" అని పక్కకు తప్పుకుంది.

జంపయ్య మూతి ఎందుకు ఎర్రగా ఉందో వాళ్లందరికీ తెలుసు. కానీ వచ్చే పక్షం మళ్లీ ఉప్పు కావాలి, మళ్లీ బండెక్కాలి. దెబ్బ తగలనివాళ్లంత మంచి సాక్షులు బండివాడికి మరెక్కడా దొరకరు.

"కోటిలింగం?" అన్నాడు సమ్మయ్య.

కోటిలింగం నేల చూశాడు. "నాకు వెనక కళ్లు లేవు," అన్నాడు.

ముత్తెమ్మ వాగు అవతలి ఒడ్డు వైపు ఒకసారి చూసింది. తోడేలు ఇంకా అక్కడే ఉంది. దానికి తీర్పు వినిపించేంత దూరంలోనే ఉంది.

సమ్మయ్య నెమరు ఆపి తీర్పు చెప్పడానికి గొంతు సవరించుకునేంతలో నీళ్లు తాగడానికి వచ్చిన గాడిద ఓదెలు తల పైకెత్తాడు.

"నాకో సందేహం."

గుంట చుట్టూ నవ్వులు లేచాయి. ఓదెలుకు ఏదీ ఒక్కసారికి అర్థం కాదు. ఆ మాటకొస్తే పల్లెలో చాలామందికి అర్థం కాదు గాని, ఒప్పుకునేది ఓదెలు ఒక్కడే. అందుకే వాణ్ణి గాడిద అంటారు.

"ఆ పలక మీద ఏముంది బావా?" అన్నాడు ఓదెలు.

"ఎక్కినవాడిదే పూచీ," అన్నాడు జంపయ్య ఓపిగ్గా.

"ఎక్కినవాడంటే?"

"బండెక్కినవాడురా గాడిదా."

"గాడిదనే. అందుకే అడుగుతున్నా. ముత్తెమ్మ ఎక్కింది, పూచీ ఆమెది. కోడి ఎక్కింది, పూచీ దానిది. గొర్రెలెక్కాయి, పూచీ వాటిది. నువ్వెక్కావా?"

"ఎక్కకుండా ఎట్లా తోలతానురా? అందరికంటే ముందు ఎక్కేది నేనే."

"అందరికంటే ముందా?"

"ప్రతిసారీ!"

"అయితే అందరికంటే ముందు పూచీ నీదేనా?"

నవ్వులు ఒక్కొక్కటిగా ఆగిపోయాయి. చివరగా ఆగింది జంపయ్యది.

"అది... అది ప్రయాణికుల మాట," అన్నాడు జంపయ్య.

"ప్రయాణికులని రాసుందా? నాకు చదువు రాదు, ఏమనుకోకు."

"లేదు," అని పైనుంచి వడ్రంగిపిట్ట అరిచింది. "నేను చెక్కుతానన్నాను. ‘ప్ర’ కింద ఒత్తుందంటే, ‘ఎక్కేది ప్రయాణికులు కాక మా తాతా’ అని తీయించేశాడు. పురుగులు తవ్వడానికి బద్ధకం!"

పిసినారి ఖర్చు రెండింతలు, బద్ధకస్తుడి పని మూడింతలు అని మా పల్లెలో సామెత. జంపయ్య చుట్టూ చూశాడు. దారి లేనప్పుడు నక్క దారి చేసుకుంటుంది. వాడి కళ్లు మెరిశాయి.

"సరే! ఎక్కినవాడంటే బండి మీద ఉన్నవాడే కదా? అయితే వినండి. అప్పుడు నేను బండి మీద లేనే లేను! దిగిపోయాను! ఈతచెట్టు కింద ఉన్నాను! కావాలంటే వెళ్లి గెల చూసుకోండి, సగం ఖాళీగా ఉంటుంది. ఎక్కినవాడిదే పూచీ గాని, దిగినవాడిది కాదు!"

గెలిచినవాడిలా తోక ఎత్తి నిలబడ్డాడు.

సమ్మయ్య రెండో కన్ను కూడా తెరిచాడు. ఆయన రెండు కళ్లూ ఒకేసారి తెరవడం చూసినవాళ్లు పల్లెలో తక్కువ.

"ఇంకో సందేహం," అన్నాడు ఓదెలు. "నువ్వు చెట్టు కింద ఉంటే, పగ్గాలు ఎవరి చేతిలో ఉన్నాయి?"

జంపయ్య అటూ ఇటూ చూశాడు. కుడితిలో పడ్డ ఎలుక కూడా అంతకంటే తెలివిగా చుట్టూ చూస్తుంది.

"నా మెడకు తెలుసు," అని కోటిలింగం అన్నాడు.

అందరూ అటు తిరిగారు. ఎవరూ అడగకుండా అతను నోరు విప్పి చాలా రోజులైంది.

"ముందు బరువు ఉన్నట్టుండి పోయింది. నొగలు లేచిపోయాయి, పట్టీ గొంతుకు పట్టింది. అరవడానికి ఊపిరి లేదు. వాడు కూర్చునే ఉంటే బండి మొగ్గేది కాదు. ఎక్కుడులో అందరినీ ముందుకు జరిపినా మొగ్గేది కాదు. నేను మొదటి రోజే చెప్పాను."

"ఇందాక అడిగినప్పుడు ఎందుకు చెప్పలేదు?" అన్నాడు సమ్మయ్య.

"వెనక ఏం చూశావని అడిగారు గాని, మెడనెవరూ అడగలేదు. పైగా ఆలోచించడం నా వంతు కాదన్నారు."

చుక్కల కోడి వెంటనే ముందుకొచ్చింది. "పెద్దయ్యా, నేను రెప్ప వేశానన్నానే గాని అది ఎడమ కన్ను. కుడి కంటితో అంతా చూశాను."

"క్షమించాలి, నేనూ చూశాను," అంది ముళ్లపంది.

"ఆమె చూస్తే నేనూ చూశాను," అంది మొదటి గొర్రె. రెండోది తల ఊపింది. బాతు మాత్రం, అన్నీ తనకు ముందే తెలుసంది.

సమ్మయ్య గుంటలోంచి లేచాడు. తీర్పు చెప్పడానికి ఆయన లేచి నిలబడటం ఎవరూ ఎరగరు. బురద కారుతుండగా జంపయ్య ఎదుటికి వచ్చాడు.

"నొగల మీద ఉన్నానంటావా, నీ పలక ప్రకారమే పూచీ నీది. లేనంటావా, ఎక్కుడులో బండిని గాలికి వదిలావు, మరీ నీది. ఉన్నావా, లేవా? మూడో చోటేదైనా ఉంటే చెప్పు."

"ఆలోచించుకోవడానికి కొంచెం గడువిప్పించండి పెద్దయ్యా."

"ఆలోచించడం నీ వంతే గదా. ఇక్కడే నిలబడి ఆలోచించు, మేం వింటాం. ఇంతలో నేను చెప్పేది విను. దారి తెలిసింది నీకు. పగ్గాలు పట్టింది నువ్వు. ఎక్కడ ఎత్తో, ఎక్కడ పల్లమో, ఎవరి పక్కన ఎవరు కూర్చోవాలో చూసుకోవలసింది నువ్వు. బండెక్కినవాళ్లు తమ కాళ్లు నీకప్పగించి కూర్చుంటారురా. అప్పగించినవి అప్పగించినట్టే దించాలి. ముత్తెమ్మవి నాలుగు కాళ్లెక్కించుకున్నావు. మూడు దించావు. నాలుగోది దిగేదాకా ఆమె ప్రయాణం కాలేదు, నీ పూచీ తీరలేదు."

"పలక పెట్టాను గదా పెద్దయ్యా..."

"తోడేలు కూడా రేపు వాగు ఒడ్డున ‘వచ్చినవాళ్లదే పూచీ’ అని పలక పెడుతుంది. పెట్టనిద్దామా?"

అవతలి ఒడ్డున తోడేలు ఆశగా చెవులు నిక్కించింది. తీర్పు మిగతాది విని లేచి వెళ్లిపోయింది.

తీర్పు ఇది. మంద కదిలే రోజున ముత్తెమ్మను బండి మీద గుట్ట నెత్తికి చేర్చాలి. కాలు అతుక్కునేదాకా ఆమె ఎటు పొమ్మంటే బండి అటు పోవాలి, మేత ఆమె నోటికి చేరాలి. బండికి చువ్వలు కట్టాలి. ముళ్లపందిని ఒంటరిగా కూర్చోబెట్టాలి. ఆ పలక తీసి కొత్త పలక పెట్టాలి. ఇక దారిలో ఈతచెట్లు చాలా ఉన్నాయి గాబట్టి, బండి కదిలే ముందు జంపయ్య తోకను నొగకు కట్టాలి. ముడి వేసేది కోటిలింగం, విప్పేదీ కోటిలింగమే.

"ఆ ముడి ఎప్పుడు విప్పాలి?" అని కోటిలింగం అడిగాడు.

"ఆలోచించి విప్పు," అన్నాడు సమ్మయ్య. కోటిలింగం ఇప్పటికీ ఆలోచిస్తూనే ఉన్నాడు. అతనికి కొత్త గదా, టైం పడుతుంది.

కొత్త పలక మీద ఏం చెక్కాలని వడ్రంగిపిట్ట అడిగింది. "ఎక్కించుకున్నవాడిదే పూచీ" అని సమ్మయ్య చెప్పి మళ్లీ గుంటలో పడుకున్నాడు.

"అక్షరాలు పెరిగాయి," అంది వడ్రంగిపిట్ట సంతోషంగా. "‘న్న’ కింద కూడా ఒత్తుంది." జంపయ్య ఆ రోజంతా పురుగులు తవ్వాడు. ఒక్క ఒత్తు కూడా తీయమనలేదు.

ఓదెలు అంత తెలివిగా ఎలా అడిగాడో అని పల్లె నెల రోజులు చర్చించుకుంది. చివరికి నేనే వెళ్లి అడిగాను. "నాకు నిజంగానే అర్థం కాలేదు" అన్నాడు. పల్లె ఊపిరి పీల్చుకుంది. గాడిదకు తెలివి ఉందంటే మిగతావాళ్ల సంగతేమిటని చాలామందికి బెంగగా ఉండేది.

ఇప్పుడు ఎక్కుడు రాగానే జంపయ్యే అందరికంటే ముందు "ముందుకు జరగండమ్మా" అని గొంతు చించుకుంటున్నాడు. అందరికంటే ముందుకు జరిగేది ముత్తెమ్మ. వెదురు బద్దల కాలు చాచుకుని, నొగకు కట్టిన తోక మీదే మెత్తగా కూర్చుంటుంది. నక్క తోక తొక్కినవాళ్లకు అదృష్టమని పెద్దలు ఊరికే అనలేదు. ఈతచెట్టు దగ్గరికి రాగానే ఆమె బండి ఆపించి, కోటిలింగం చేత గెల వంచించి, ఒక్కొక్క పండే తింటుంది. గింజలు మాత్రం జంపయ్య చేతిలో పెడుతుంది, జాగ్రత్తగా దించమని.

నీతి: బండి ఎక్కినవాడు కునుకు తీయొచ్చు గాని, ఎక్కించుకున్నవాడు రెప్ప వేయకూడదు.